అన్ని పనిముట్లూ ఆ నేల కోసమే

నిర్మాతగా మొదలై స్క్రీన్‌ప్లే రాసి, నటించి, దర్శకత్వం వహించి, మధ్యలో బొమ్మలు గీసి, కవిత్వం రాసిన మనిషి బి. నర్సింగరావు. తెలంగాణ పల్లెను తెరకెక్కించిన ఆయన ప్రయాణాన్ని, నగరం మింగేస్తున్న చిన్న మంగళారంలో నిలబడి చూస్తే...

1980 ఫిబ్రవరి 2న ‘శంకరాభరణం’ విడుదలైంది. సరిగ్గా యాభై రోజులకు, మార్చి 23న, ‘మా భూమి’ వచ్చింది. మొదటిదాని గురించి తెలుగువాళ్లకు కొత్తగా చెప్పాల్సిందేమీ లేదు. రెండోదాని గురించి మాత్రం మొదటి నుంచీ చెప్పాల్సి వస్తోంది. ముఖ్యంగా మా చేవెళ్ల వైపు పిల్లలకు. గొంగడి భుజాన వేసుకుని, చేతికర్ర పట్టుకుని గద్దర్ పాడిన పాట వాళ్ల ఫోన్లలో ఉంది. అది ఏ సినిమాలోదో, ఆ సినిమా ఎవరి పట్టుదలతో పుట్టిందో తెలిసినవాళ్లు తక్కువ.

ఆ పట్టుదల బి. నర్సింగరావుది. అప్పటికి ఆయనకు ముప్ఫై మూడేళ్లు. చేతిలో స్టూడియో లేదు, వెనక స్టార్ లేడు. జి. రవీంద్రనాథ్‌తో కలిసి నిర్మాతగా నిలబడి, నైజాం కాలపు రైతాంగ పోరాటాన్ని సినిమాగా తీశారు. ఆ తర్వాత పదేళ్లలో ఆయన చేసిన పనుల జాబితా చూస్తే ఇంత తక్కువ కాలంలో ఒక్కరే ఇన్ని చేశారా అనిపిస్తుంది. ‘రంగుల కల’లో హీరో ఆయనే, దర్శకుడూ ఆయనే. ‘దాసి’, ‘మట్టి మనుషులు’ రాసి తీశారు. నగరం మీద ‘ది సిటీ’, పల్లె మీద ‘మా ఊరు’ డాక్యుమెంటరీలు చేశారు. ఇవన్నీ చేస్తూనే బొమ్మలు గీశారు, కవిత్వం రాశారు, ఫొటోలు తీశారు.

బహుముఖ ప్రజ్ఞ అనేస్తే సరిపోతుందని చాలామంది అనుకుంటారు. నాకు ఆ మాట చాలదనిపిస్తుంది. బహుముఖ ప్రజ్ఞావంతులు తెలుగు సినిమాకు కొత్త కాదు. ఒకే మనిషి జానపదం, సాంఘికం, హాస్యం, మాటల్లేని సినిమా తీయగలడని సింగీతం శ్రీనివాసరావు గారు చూపించారు. నర్సింగరావుది వేరే దారి. ఆయన విషయం మార్చలేదు, పనిముట్టు మార్చారు. దుక్కికి నాగలి, కలుపుకు గుంటుక, కోతకు కొడవలి తీసినట్టు, తెలంగాణ పల్లె గురించి చెప్పాల్సింది మారిన ప్రతిసారీ ఆయన చేతిలోది మారింది. పాటతో చెప్పగలిగింది పాటతో చెప్పారు. పాటకు అందనిదాన్ని కెమెరాకు అప్పగించారు.

గడీలో పుట్టి

నర్సింగరావు 1946లో గజ్వేల్ దగ్గరి ప్రజ్ఞాపూర్‌లో పుట్టారు. అప్పుడది మెదక్ జిల్లా, ఇప్పుడు సిద్దిపేట జిల్లా. పుట్టింది భూస్వామ్య కుటుంబంలో. ఆ ఏడాదే, జులై 4న, కడవెండిలో దొడ్డి కొమరయ్య తూటాలకు నేలకొరిగాడు. తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటానికి ఆ చావు నిప్పురవ్వ అయింది. దొరల గడీల మీదికి జనం లేచిన ఏడాదిలో, గడీ ఉన్న కుటుంబంలో పుట్టిన బిడ్డ పెద్దయ్యాక ఆ గడీనే బోనెక్కించాడు. ఆయన సినిమాల్లో గడీ లోపలి చీకటి అంత నమ్మకంగా కనిపించడానికి కారణం ఇక్కడే ఉంది. గుమ్మం బయట నిలబడి ఊహించుకున్నది కాదది.

హైదరాబాద్‌లో ఫైన్ ఆర్ట్స్ చదివారు. డెబ్బయ్యవ దశకం మొదట్లో నగరంలో యువకులు ఊరికే కూర్చునే కాలం కాదు. ఒకపక్క 1969 తెలంగాణ ఉద్యమం మిగిల్చిన వేడి, మరోపక్క నక్సల్బరీ గాలి. నర్సింగరావు, ఆయన మిత్రులు ‘ఆర్ట్ లవర్స్’ పేరుతో ఒక బృందం కట్టి బస్తీల్లో, వీధుల్లో ఆటాపాటా పెట్టారు. బుర్రకథలు చెప్పుకునే గుమ్మడి విఠల్‌రావు అనే కుర్రాణ్ని ఈ బృందమే దగ్గరికి తీసుకుంది. ఆ విఠల్‌రావే గద్దర్ అయ్యాడు, ఆర్ట్ లవర్స్ జన నాట్య మండలి అయింది. ఇవాళ తెలంగాణ ప్రభుత్వం సినిమా పురస్కారాలను గద్దర్ పేరిట ఇస్తోంది. ఆ గొంతును మొదట గుర్తుపట్టినవాళ్లలో నర్సింగరావు ఒకరన్నది ఆ వేదికల మీద ఇంకాస్త గట్టిగా వినపడాలని నా కోరిక.

బయటివాళ్లు తీసిన మన కథలు

‘మా భూమి’కి ముందు సంగతి కొంచెం చెప్పుకోవాలి. తెలుగులో సమాంతర సినిమా అనదగ్గవి అప్పుడప్పుడే వస్తున్నాయి. 1977లో ప్రేమ్‌చంద్ ‘కఫన్’ కథను ‘ఒక ఊరి కథ’గా తీసింది మృణాల్ సేన్, బెంగాలీ. 1978లో ‘అనుగ్రహం’ తీసింది శ్యామ్ బెనెగల్. ఆయన పుట్టి పెరిగింది హైదరాబాద్ రాష్ట్రంలోనే అయినా సినిమా బతుకంతా బొంబాయిలో, హిందీలో. 1977లోనే దాశరథి రంగాచార్య నవల ‘చిల్లర దేవుళ్లు’ కూడా సినిమాగా వచ్చింది. గడీ బతుకును మొదట తెరకు తెచ్చిన గౌరవం దానికి ఇవ్వాలి. అయితే దాని అల్లిక అప్పటి మామూలు సినిమాదే.

నర్సింగరావు, రవీంద్రనాథ్ కూడా దర్శకుణ్ని బయటి నుంచే తెచ్చుకున్నారు. గౌతమ్ ఘోష్ అప్పటికి డాక్యుమెంటరీలు తీసిన బెంగాలీ యువకుడు. కథా చిత్రం అదే మొదటిది. తెలుగు రాదు. మూలకథ కూడా తెలుగుది కాదు, కిషన్ చందర్ ఉర్దూలో రాసిన ‘జబ్ ఖేత్ జాగే’. ఉరిశిక్ష పడ్డ రైతు యోధుడు రాఘవరావు జైల్లో తన చివరి రాత్రి బతుకును నెమరేసుకోవడం ఆ నవల. గొప్ప ఆవేశం ఉన్న రచనే గానీ తెలంగాణ పల్లె అందులో దూరం నుంచి కనిపిస్తుంది.

స్క్రీన్‌ప్లే పనితనం అసలు కనిపించేది ఇక్కడే. నవలలోని ఆ రాత్రిని పక్కన పెట్టి, కథను రామయ్య అనే వెట్టి కుర్రాడి ఎదుగుదలగా తిరగరాశారు. ఘోష్, పార్థ బెనర్జీ, ప్రాణ్‌రావులతో పాటు నర్సింగరావు చెయ్యి కూడా ఉన్న రచన అది. ఉరికంబం ముందు నిలబడ్డ వీరుడితో మొదలుపెట్టి ఉంటే మనం అతన్ని దణ్ణం పెట్టుకోవడానికే చూస్తాం. గడీలో కబురు రాగానే పరుగెత్తే కుర్రాడితో మొదలుపెడితే అతనితో పాటు మనమూ నడుస్తాం. నేర్చుకుంటాం, నగరానికి పారిపోతాం, తిరిగొస్తాం. సినిమా 1948 పోలీసు చర్యతో ముగిసిపోకపోవడం ఇంకో గొప్ప నిర్ణయం. నిజాం పోయాడు, రజాకార్లు పోయారు. ఊరొదిలి పారిపోయిన దొర మాత్రం తలమీద గాంధీ టోపీతో తిరిగొస్తాడు. రామయ్యలాంటి వాళ్ల మీదికి ఈసారి వచ్చింది స్వతంత్ర భారత సైన్యం. ఈ మాట 1980లో తెలుగు తెర మీద అంత సూటిగా చెప్పడానికి గుండె కావాలి.

షూటింగు మెదక్ జిల్లా మంగళపర్తిలో చేశారు. ఊరి జనమే తెరమీద జనం. రామయ్యగా సాయిచంద్, రచయిత త్రిపురనేని గోపీచంద్ కొడుకు, తొలిసారి తెరకెక్కాడు. బండి యాదగిరి పాట గద్దర్ గొంతులో, సుద్దాల హనుమంతు పాట జీతగాడి పిల్లవాడి బతుకు మీద. పోరాట కాలంలో పుట్టి జనం నోళ్లలో మిగిలిన పాటలవి. సినిమా కోసం రాయించినవి కావు. రికార్డింగు గదిలో పుట్టిన పాటకూ, ఊరేగింపులో పుట్టిన పాటకూ తేడా చెవికి వెంటనే తెలుస్తుంది. హైదరాబాద్‌లో ఉదయం ఆటగా ఈ సినిమా చాలా రోజులు ఆడింది. 2013లో సీఎన్ఎన్-ఐబీఎన్ వేసిన వంద ఉత్తమ భారతీయ చిత్రాల జాబితాలో చోటు దొరికింది.

భాష సంగతి విడిగా చెప్పాలి. అప్పటిదాకా తెలుగు సినిమాలో తెలంగాణ మాట రౌడీకో, పనివాడికో, నవ్వించేవాడికో దక్కేది. హీరోకు దక్కలేదు, ఏడ్చే తల్లికి దక్కలేదు. ‘మా భూమి’లో బాధపడేవాళ్లు, ప్రేమించేవాళ్లు, తుపాకి పట్టేవాళ్లు అందరూ ఈ మాటే మాట్లాడతారు. అందుకు ఎవరూ నవ్వలేదు. ముప్ఫై ఏడేళ్ల తర్వాత, 2017లో, ‘ఫిదా’లో బాన్సువాడ తండ్రిగా అదే సాయిచంద్ కనిపించినప్పుడు హాలు హాలంతా ఆ యాసకు మురిసిపోయింది. 2023లో ‘బలగం’ ఊరూరా తెరలు కట్టుకుని చూసే సినిమా అయింది. ‘మా భూమి’ నుంచి ఇక్కడిదాకా దూరం చిన్నది కాదు. ఆ బాటలో మొదటి రాళ్లు ఎత్తినవాళ్లు ఎవరో మరచిపోవడం న్యాయం కాదు.

కుంచె పట్టిన చేతికి కెమెరా

నిర్మాతగా మరొకరి పక్కన నిలబడి నేర్చుకున్న మూడేళ్లకు, 1983లో ‘రంగుల కల’తో నర్సింగరావు తానే దిగారు. కథానాయకుడు చిత్రకారుడు. ఆ పాత్ర కూడా ఆయనే వేశారు. బొమ్మ ఎవరి కోసం గీయాలి, డ్రాయింగు రూముల్లో తగిలించుకునే వాళ్ల కోసమా, తన చుట్టూ పనిచేసే మనుషుల కోసమా అన్న తగువు ఆ మనిషి లోపల నడుస్తుంది. దానికి జాతీయ స్థాయిలో ఉత్తమ తెలుగు చిత్రం పురస్కారం వచ్చింది. నిజం చెప్పాలంటే ఆయన సినిమాల్లో ఇది కాస్త తడబడే సినిమా. నటుడిగా ఆయన బిగుసుకుపోయిన చోట్లున్నాయి. కొన్ని చోట్ల పాత్రల కంటే ఆలోచనలే ముందు మాట్లాడతాయి. అయినా ఇది తీయకుండా ఆయన ‘దాసి’కి చేరేవారు కాదు. నా కళ ఎవరిదన్న ప్రశ్నను ఒకసారి తేల్చుకున్నాక మళ్లీ ఆ ప్రశ్న జోలికి పోలేదు. పనిలో పడ్డారు.

‘దాసి’ 1988లో వచ్చింది. కాలం 1920లు. హైదరాబాద్‌లో గండిపేట చెరువు నిండి నగరానికి నీళ్లిస్తున్న రోజులు. పల్లెల్లో మాత్రం దొరసాని కాపురానికి వచ్చేటప్పుడు పెట్టెలు, పశువులతో పాటు ఆడపిల్లల్ని కూడా వెంట పంపేవారు. వాళ్లనే ఆడబాపలు, దాసీలు అన్నారు. వాళ్లకు పెళ్లి లేదు, ఇల్లు లేదు. ఊడ్చడం, నీళ్లు తోడడం, కాళ్లు పట్టడం పగటి పని. రాత్రి దొర పిలిస్తే వెళ్లడమూ పనే. అతిథి వస్తే అతిథికీ. కమల అలాంటి దాసి. ఆమె కడుపుతో ఉందని తెలిశాక ఆ గడీ ఏం నిర్ణయించిందన్నదే కథ. చెప్పుకోవడానికి నాలుగు వాక్యాలు చాలు.

ఆ నాలుగు వాక్యాల్ని సినిమాగా మలిచిన తీరు మాత్రం తెలుగులో మళ్లీ కనపడలేదు. ఇందులో తిరుగుబాటు లేదు. ఉపన్యాసం లేదు. కమల ఎవరినీ శపించదు. అసలు ఆమె మాట్లాడేదే తక్కువ. గడీలో మాట అనేది దొర సొత్తు, దాసికి ఉండేవి చేతులే. అందుకే స్క్రీన్‌ప్లే మొత్తం ఆ చేతులు చేసే పనుల మీద కట్టారు. పని తర్వాత పని, గది తర్వాత గది. చూస్తున్నకొద్దీ ఆ గడీ ఎంత పెద్దదో, అందులో ఆమెకు తలదాచుకునే మూల ఒక్కటీ ఎలా లేదో మనకే అర్థమవుతుంది. ‘మా భూమి’లో వెట్టిని పాట ఎదిరించింది. ‘దాసి’లో పాటకు చోటు లేదు. కారణం చెప్పనక్కర్లేదు, దాసి బతుకులో దానికి చోటు లేదు కనుక. అదే ఇతివృత్తం, అదే మనిషి మనసు, పనిముట్టు మాత్రం వేరు.

ఈ సినిమాకు ఆయన కూర్చిన మనుషుల్ని చూడండి. కళా దర్శకత్వం తోట వైకుంఠం. తెలంగాణ ఆడవాళ్ల ముదురు చీరలు, పెద్ద కుంకుమ బొట్లు, నిండు చేతులు ఆయన బొమ్మల్లో ప్రపంచమంతా చూసింది. కెమెరా అపూర్వ కిశోర్ బీర్. కమలగా అర్చన. ముందు ఏడాదే బాలు మహేంద్ర తమిళ చిత్రం ‘వీడు’కు జాతీయ ఉత్తమ నటి అయిన ఆమె, ‘దాసి’తో వరసగా రెండోసారి అయింది. ఉత్తమ తెలుగు చిత్రం, నటి, ఛాయాగ్రహణం, కళా దర్శకత్వం, దుస్తుల రూపకల్పన కలిపి ఐదు జాతీయ పురస్కారాలు. తెలుగు సినిమా బడ్జెట్లు చూస్తే ఈ సినిమాది చిటికెడు డబ్బు. అయినా ఆ ఐదింటిలో మూడు కంటికి కనిపించే పనికి వచ్చినవే. చిత్రకారుడు దర్శకుడైతే ఏం జరుగుతుందన్నదానికి ఇంతకంటే రుజువు అక్కర్లేదు. 1989లో మాస్కో ఉత్సవంలో కూడా దీనికి గౌరవ పత్రం దక్కింది.

లాస్ హుర్దెస్ నుంచి మా ఊరికి

నర్సింగరావు డాక్యుమెంటరీల గురించి ఆలోచించినప్పుడల్లా నాకు ఒక స్పెయిన్ దర్శకుడు గుర్తొస్తాడు, లూయీ బునుయెల్. ఆయనదీ ఒక్క గాటన కట్టలేని ప్రయాణమే. చిత్రకారుడు సాల్వడార్ దాలీతో కలిసి 1929లో కలలాంటి చిన్న సినిమా రాసి తీశాడు. 1933లో తన దేశంలోనే అతి బీద కొండ ప్రాంతమైన లాస్ హుర్దెస్‌కు వెళ్లి అక్కడి పల్లెల మీద అరగంటలోపు చిత్రం తీశాడు. ఏ నిర్మాతా ముందుకు రాలేదు. ఆయన మిత్రుడు రమోన్ అసీన్‌కు లాటరీ తగిలితే ఆ డబ్బుతో తీశారు. దేశం పరువు పోతుందని అప్పటి స్పెయిన్ ప్రభుత్వం దాన్ని నిషేధించింది. తర్వాత దేశం విడిచి మెక్సికోలో కూర్చుని, వీధి పిల్లల బతుకు దగ్గర్నుంచి కుటుంబ కథల దాకా అన్నీ రాసి తీశాడు.

ఆ హుర్దెస్ చిత్రం గొప్పదే. కానీ చూస్తుంటే నాకు ఒక ఇబ్బంది ఉంటుంది. వెనక వినిపించే గొంతు ఆ జనాన్ని వేరే జాతి ప్రాణుల్లా వర్ణిస్తుంది. కొండ మీంచి మేక జారిపడే దృశ్యం కోసం దాన్ని తుపాకితో కాల్చారు. తెర మీద పొగ కూడా కనిపిస్తుంది. ఊరి బీదరికం చూపించాలన్న తొందరలో ఊరి మనుషులు వస్తువులైపోయారు.

1987 నాటి ‘మా ఊరు’కు నర్సింగరావు పెట్టుకున్న పేరే ఆయన ఎక్కడ నిలబడి చూశారో చెబుతుంది. ఆ ఊరు, ఈ ఊరు కాదు, మా ఊరు. పల్లె బతుకులోని పని, పండగ, చేతివృత్తులు అందులో జాలి కోసం చెయ్యి చాచవు. ఇక్కడ మనుషులు బీదవాళ్లు కావచ్చు, వాళ్ల చేతుల్లో విద్య ఉంది, పొద్దుకొక పద్ధతి ఉంది. హంగరీలో మీడియా వేవ్ పురస్కారం దీనికే వచ్చింది. దానికి రెండేళ్ల ముందు తీసిన ‘ది సిటీ’తో పక్కపక్కన పెట్టి చూడాలి. ఒకే కన్ను నగరాన్నీ, పల్లెనూ కొలిచింది. ఆ కొలతల మధ్య పడి నలిగిన మనుషుల మీదే ఆయన తర్వాతి కథా చిత్రం వచ్చింది.

చిన్న మంగళారం నుంచి చూస్తే

‘మట్టి మనుషులు’ 1990లో వచ్చింది. పల్లెలో బతుకు తెల్లారక, నగరానికి వచ్చి భవన నిర్మాణ పనుల్లో చేరే కూలీల కథ. అర్చనతో పాటు నీనా గుప్తా నటించారు. మేస్త్రీ, గుత్తేదారు, అడ్డా మీద పొద్దున్నే ఆడా మగా నిలబడే బేరం, ఆడమనిషి కూలితో పాటు ఆమె ఒంటి మీద కూడా హక్కు ఉందనుకునే లోకం. మాస్కో ఉత్సవంలో 1991లో దీనికీ గౌరవ పత్రం వచ్చింది. పురస్కారాల లెక్కలో ‘దాసి’ కంటే వెనకబడింది కానీ, నా వరకు నర్సింగరావు సినిమాల్లో ఇవాళ అన్నిటికంటే ముందు చూడాల్సింది ఇదే. ‘మా భూమి’, ‘దాసి’ మన తాతముత్తాతల సంగతి. ‘మట్టి మనుషులు’ మన వీధి సంగతి.

ఈ మాట చిన్న మంగళారంలో నిలబడితే బాగా తెలుస్తుంది. మొయినాబాద్ మండలంలో ఇదొక ఊరు. ఇదే మండలంలోని పెద్ద మంగళారంలో పుట్టిన కొండా వెంకట రంగారెడ్డి పేరే మా జిల్లాకు పెట్టారు. 1978లో హైదరాబాద్ జిల్లా నుంచి పల్లెల్ని విడదీసి ఈ జిల్లా చేశారు. అంటే ‘మా భూమి’ తయారవుతున్న రోజుల్లోనే నగరం ఒకటి, చుట్టూ పల్లె ఒకటి అని కాగితం మీద గీత గీశారు. ఆ గీత ఇవాళ ఎక్కడుందో వెతికినా దొరకదు.

బీజాపూర్ రోడ్డు పట్టుకుని నగరం నుంచి చేవెళ్ల వైపు వస్తుంటే రెండు పక్కలా పాత మర్రి చెట్లు. వాటి వెనక ఒకప్పుడు జొన్న, పత్తి. తర్వాత క్యారెట్, పాలకూర, గులాబీ, బంతి. గుడిమల్కాపూర్ పూల మార్కెట్‌కు, మెహదీపట్నం రైతుబజారుకు తెల్లవారుజామున బయల్దేరే ఆటోలు ఈ పల్లెల్లోంచి ఇప్పటికీ కదులుతాయి. అయితే ప్రతి పొలం గట్టున ఇప్పుడు ఒక ప్రహరీ గోడ ఉంది. 1996 మార్చిలో, గండిపేట, హిమాయత్‌సాగర్ జలాశయాలను కాపాడడానికి ప్రభుత్వం 111 జీవో తెచ్చి, పది కిలోమీటర్ల లోపు 84 గ్రామాల్లో పెద్ద నిర్మాణాలకు అడ్డుకట్ట వేసింది. 2022లో ఆ ఆంక్షలను ఎత్తేస్తూ జీవో 69 వచ్చింది. ఈ రెంటి మధ్య పాతికేళ్లలో మొయినాబాద్, చేవెళ్ల, శంకర్‌పల్లి పల్లెల్లో ఏం జరిగిందో ఇక్కడివాళ్లకు ఎవరూ చెప్పక్కర్లేదు. అపార్ట్‌మెంట్లు రాలేదు గానీ ఫామ్‌హౌస్‌లు వచ్చాయి. ఎకరాలు గజాలయ్యాయి. భూమి అమ్ముకున్న రైతు అదే భూమికి కాపలాదారు అయిన కథలు ఈ మండలంలో అడిగితే చాలా ఊళ్లలో వినొచ్చు.

ఈ ఫామ్‌హౌస్‌ల గోడలు కట్టడానికి పాలమూరు నుంచి, ఒడిశా నుంచి, బిహార్ నుంచి వచ్చినవాళ్లు రేకుల షెడ్లలో ఉంటారు. వాళ్లు మట్టి మనుషులే. వాళ్లకు పునాది చూపించే ఊరివాళ్లు కూడా ఒకప్పుడు ఇక్కడ పండించినవాళ్లే. నర్సింగరావు 1990లో చూపించింది పల్లె నుంచి నగరానికి వెళ్లే బస్సు. మా దగ్గర బస్సెక్కాల్సిన అవసరం రాలేదు. నగరమే నడిచి వచ్చింది.

2003లో ‘హరివిల్లు’ తర్వాత ఆయన పని ఎక్కువగా రంగుల్లో, కాగితం మీద నడిచింది. ఎందుకు సినిమాలు ఎక్కువ తీయలేదని నొచ్చుకునేవాళ్లు చాలామంది ఉన్నారు. ఇలాంటి సినిమాకు డబ్బు దొరకడం ఎంత కష్టమో తెలిసిన వాళ్లు నొచ్చుకోవాల్సింది ఆయన మీద కాదు. ఐదు జాతీయ పురస్కారాలు వచ్చిన ‘దాసి’ని సొంత జిల్లాల్లో ఎంతమంది థియేటర్లో చూశారన్నది అడగాలి. తెలంగాణ వచ్చి పదేళ్లు దాటింది. మండలానికొకసారైనా ‘మా భూమి’, ‘దాసి’, ‘మట్టి మనుషులు’ మంచి ప్రింట్లతో, మంచి శబ్దంతో తెరకట్టి చూపించడం ఏ ప్రభుత్వానికీ పెద్ద ఖర్చు కాదు. ‘బలగం’కు ఊళ్లు తమంతట తామే తెరలు కట్టుకున్నాయి. ఈ సినిమాలకు కూడా ఆ జనం ఉన్నారు. ‘దాసి’ నెమ్మదిగా నడుస్తుందని, మన పిల్లలు చూడరని చెప్పేవాళ్లున్నారు. నేను నమ్మను. గడీ ఊడ్చిన చేతులు మనవే అని తెలిసిన పిల్లలు కదలకుండా చూస్తారు.

ఇంకో సినిమా ఉంది, ఇంకా ఎవరూ తీయనిది. మా వైపు పల్లెలది. దాన్ని రాసేవాళ్లకు ‘మా భూమి’లోని పట్వారీ దస్త్రం ఎంత తెలియాలో, మొన్నమొన్నటి ధరణి రికార్డులో పేరు తప్పుపడితే ఒక కుటుంబం ఎన్ని ఆఫీసుల చుట్టూ తిరగాల్సి వచ్చేదో అంతే తెలియాలి. రిజిస్ట్రేషన్ రోజున అన్నదమ్ములు ఒకరి ముఖం ఒకరు చూడకపోవడం తెలియాలి. ఇంటి ఆడబిడ్డ సంతకం కోసం అత్తగారింటికి వెళ్లిన కారు, అక్కడ పెట్టిన చాయ తాగకుండా తిరిగి రావడం తెలియాలి. గెర్బెరా పాలీహౌస్ లోపల ఉక్కపోత, బోరు ఎండిన రాత్రి మోటారు చప్పుడు ఆగిపోవడం, అడ్వాన్సు డబ్బుతో కొన్న బండి, బంధువుల పెళ్లిలో దాన్ని నిలబెట్టిన తీరు తెలియాలి. అమ్మిన చేను మీద కట్టిన రిసార్టులో ఆదివారం పాటలు పెట్టే స్పీకరు చప్పుడు పక్క చేనులో కలుపు తీసే ముసలమ్మకు ఎలా వినిపిస్తుందో తెలియాలి. ఇవేవీ బయటి నుంచి వచ్చి చూస్తే దొరికేవి కావు. 1980లో మన కథకు దర్శకుణ్ని కలకత్తా నుంచి పిలుచుకోవాల్సి వచ్చింది. మూడేళ్లలో ఆ అవసరం లేకుండా చేసుకున్నారు నర్సింగరావు. ఈసారి కథ రాయగల పిల్లలు మొయినాబాద్ జూనియర్ కాలేజీల్లో, చేవెళ్ల డిగ్రీ క్లాసుల్లో కూర్చుని ఉన్నారు. వాళ్ల జేబుల్లో కెమెరా కూడా ఉంది. చూడాల్సిన సినిమాలు మాత్రం ఇంకా వాళ్లకు ఎవరూ చూపించలేదు.